ఒక్కో ఆటకు ఒక్కో వెలుతురు

వానాకాలం మొదలై నెల తిరక్కముందే మా వీధిలోకి దోమల పొగ బండి వస్తుంది. ముందు దాని మోత వినిపిస్తుంది, ఆ తర్వాత తెల్లటి పొగ గేటు సందుల్లోంచి, కిటికీ జాలీలోంచి, తలుపు కిందినుంచి లోపలికి జొరబడి, కిరోసినూ మందూ కలిసిన ఘాటు వాసన పరుపులకీ ఆరేసిన బట్టలకీ మూతపెట్టిన అన్నం గిన్నెకీ కూడా పట్టేస్తుంది. ఖమ్మంలో మా వీధి పిల్లలకు అదో పండగ. పొగలో దూరి ఒకళ్లకొకళ్లు కనపడకుండా కేకలేసుకుంటూ పరుగెత్తుతారు, తల్లులు గేట్ల దగ్గర నిలబడి తిట్లు లంకించుకుంటారు. నేను మాత్రం చున్నీ ముక్కుకు అడ్డం పెట్టుకుని ఇంట్లో ఓ మూల కూర్చుంటాను. ఆ వాసన వస్తే ఎవరికైనా దోమలు గుర్తొస్తాయి, నాకు గ్రాఫిక్స్ కార్డు గుర్తొస్తుంది. నవ్వేవాళ్లు నవ్వుకోండి. ఎందుకో చెప్పాలంటే చాలా వెనక్కి, మణుగూరు వైపు అడివి అంచున ఉన్న మా బొగ్గు గని కాలనీకి పోవాలి.

మా నాన్న పైనుంచి తవ్వే ఓపెన్‌కాస్ట్ గనిలో డంపర్ లారీ నడిపేవాడు. మాది కాలనీలో ఆఖరి వరస, ఆ వరసలోనూ ఆఖరి క్వార్టరు, పెరటి గోడ దాటితే ఇక అడివే. డ్యూటీ దిగి వచ్చిన నాన్న కళ్ల చుట్టూ కాటుక పెట్టుకున్నట్టు బొగ్గు ఉండేది. ఎంత సబ్బు పెట్టి రుద్దినా ఆ గీత పోయేది కాదు, పెళ్లిళ్లకు కూడా ఆయన కాటుక కళ్లతోనే వచ్చేవాడు. మధ్యాహ్నం మూడు దాటాక గనిలో సైరన్ మోగేది. అది మోగగానే అమ్మ పొయ్యి మీది పాలగిన్నెను, నేను అలమరలోని గాజు గ్లాసుల్ని పట్టుకుని నిలబడేవాళ్లం. కాసేపటికి రాయి పేల్చే బ్లాస్టింగ్ అయ్యి, నేల అడుగు నుంచి ఒక ఊపు వచ్చి కిటికీ అద్దాలు గలగలమనేవి. ముదిగొండ నుంచి వచ్చిన మా మేనత్త ఒకసారి భూకంపమనుకుని, అన్నం కలిపిన చెయ్యితోనే వీధిలోకి పరుగెత్తింది. ఆ ముచ్చట చెప్పుకుని ఎన్నేళ్లు నవ్వామో లెక్కలేదు.

అడివిని బట్టే మాకు కాలాలు తెలిసేవి. ఎండలు ముదరకముందే ఇప్పపూలు రాలేవి, తెల్లారి పెరట్లోకి వస్తే ముక్కు పుటాలకు మత్తెక్కించే తీపి వాసన తగిలేది. గూడెం నుంచి ఒక కోయ అవ్వ గంపలో తునికిపండ్లు తెచ్చేది, తింటే మూతికంటిన జిగురు సాయంత్రం దాకా వదిలేది కాదు. నాలుగు వానలు పడ్డాయంటే పుట్టగొడుగులూ వెదురు కొమ్ములూ వచ్చేవి, ఆ కొమ్ముల్ని అమ్మ సన్నగా తరిగి, రెండుసార్లు నీళ్లు మార్చి ఉడికించి, ఎండు రొయ్యలేసి కూర వండితే ఇల్లంతా ఘుమఘుమలాడేది. బతుకమ్మకు ముందు నేనూ అన్నా గోడ దూకి గునుగూ తంగేడూ కోసుకొచ్చేవాళ్లం. సద్దుల నాడు పల్లీల సత్తు, నువ్వుల సత్తు, పెసర సత్తు ముద్దలు కట్టి ఇస్తే, నా వాటా నిమిషంలో మింగి అన్న వాటా మీద కన్నేసేదాన్ని. వానాకాలమంటే ఇంటింటా జ్వరాలు కూడా. చేదు మాత్ర మింగి, దుప్పటి కప్పుకుని వణికి, చెమట పట్టాక లేచి చారన్నం తినడం మాకు జలుబు చేసినంత మామూలు.

అన్న నాకంటే ఆరేళ్లు పెద్ద. పేరు నాగేశ్వర్రావు, ఇంట్లో నాగి. వాడు అంటున్నానని ఏమీ అనుకోకండి, వయసులో నేను వాడిని దాటేసి చాలా ఏళ్లయింది. కొత్తగూడెంలో హాస్టల్లో ఉండి పాలిటెక్నిక్ చదివేవాడు. వాడి క్లాసు పిల్లవాడి ఇంట్లో పాత కంప్యూటర్ తీసేస్తుంటే అది మా ఇంటికి వచ్చింది, బియ్యం బస్తాంత బరువున్న మానిటర్‌తో సహా. తెర మీద బొమ్మను నడిపించే గ్రాఫిక్స్ కార్డును మాత్రం అన్న స్వయంగా హైదరాబాద్ పోయి తెచ్చుకున్నాడు, బస్సులో రాత్రంతా గుడ్ల ట్రే పట్టుకున్నట్టు ఒళ్లో పెట్టుకుని. పొద్దున్నే అట్టపెట్టె విప్పి చూపిస్తే అమ్మ బుగ్గన చెయ్యి పెట్టుకుంది. "గిదేందిరా, రేడియో పగిలిందా?" అంది. అన్నకు చచ్చేంత కోపం వచ్చి రెండు పూటలు అమ్మతో మాట్లాడలేదు.

ఆ రోజుల్లో ఆట తెరవగానే ఆడేయడం ఉండేది కాదు. పాత కంప్యూటర్, కొత్త ఆట. బొమ్మ తునకలు తునకలుగా నడిచేది, నడుమకు చిరిగేది, దూరపు చెట్లు ఉన్నట్టుండి ముఖం మీదికి వచ్చేవి. అప్పుడు అన్న ఆ కార్డుకుండే సెట్టింగుల పేజీ తెరిచేవాడు. అందులో రెండు దారులుండేవి. ఒకటి అన్ని ఆటలకూ కలిపి ఒకే తీరు పెట్టేది, రెండోది ఒక్కో ఆట పేరు ఎంచుకుని దానికి మాత్రమే విడిగా పెట్టేది. మొదటి దాని జోలికి పోవడం అన్న లెక్కలో మహాపాపం. "పప్పులేసినంత ఉప్పు పచ్చిపులుసులేస్తే తింటవా? మరి అన్ని ఆటలకు ఒక్కతీరు ఎట్ల పెడుతరే?" అనేవాడు. క్రికెట్ ఆటకు నీడలు తీసేసేవాడు, బంతి ఆగకుండా రావాలి కాబట్టి. కార్ల ఆటకు రోడ్డు దూరం దాకా తేటగా కనపడేట్టు పెట్టేవాడు. యుద్ధం ఆటలో గోడల అంచులు మెట్లు మెట్లుగా ఉండకుండా నున్నగా చేసేవాడు. ఒక్క మెట్టు పెంచడం, ఆట తెరవడం, నిమిషం సేపు కన్నార్పకుండా చూడడం, మూసెయ్యడం, ఒక్క మెట్టు దించడం, మళ్లీ తెరవడం. సెలవులన్నీ ఇదే తంతు. నిజం చెప్పాలంటే వాడు ఆడింది తక్కువ.

నాది పక్కన ప్లాస్టిక్ స్టూలు. మౌస్ ముట్టుకునే హక్కు నాకు లేదు, చూసి తేడా చెప్పాలి, అంతే. చిక్కంతా అక్కడే. నాకు ఏ తేడా కనపడి చచ్చేది కాదు. మొదట్లో అమాయకంగా నిజమే చెప్పాను. "కళ్లా, గోలీలా అవి?" అని నెత్తిన ఒక మొట్టికాయ వేసి, స్టూలు మీద నుంచి లేపేశాడు. ఆ రోజంతా పెరట్లో ఒక్కదాన్నే కూర్చుని ఏడ్చాను. అప్పటి నుంచి నాకు తెలివి వచ్చింది.

"చూడు పొట్టీ, ఇందాక బొమ్మ నడుమకు చిరుగుతుండె. ఇప్పుడు లేదు. కనపడ్డదా?"

"అవ్."

"ఆకుల అంచులు జూడు. నున్నగైనయా?"

"అవ్ అవ్, మస్తు తేడా ఉంది."

నా మొహం, ఏం కనపడింది! వాడి మొహం చూసి, వాడికి ఏ జవాబు కావాలో అది చెప్పేదాన్ని. ఇంట్లో ఇంకెవరూ దాని దగ్గర కూర్చునేవాళ్లు కాదు కదా, వాడికి నా కళ్ల మీద గురి కుదిరింది. "మా పొట్టి కన్ను పెద్ద కన్ను" అని నాన్నతో చెప్తుంటే గాల్లో తేలిపోయేదాన్ని.

వాడికి అన్నిటికంటే ఇష్టమైనది అడివి ఆట. ఒక మనిషి ఒంటరిగా అడివిలో దారి వెతుక్కుంటూ పోతాడు, అదీ ఆట. దానికి మాత్రం ఎన్ని సెలవులైనా సెట్టింగ్ కుదరలేదు. కాసేపు చూసి, విసురుగా లేచి, పెరటి గోడ మీద మోచేతులు ఆనించి నిజం అడివిని చూసేవాడు. "మన అడివి గింత పచ్చగ ఉండదే. టేకాకు మీద దుమ్ముంటది, వెనక చెట్లు కొంచెం నీలంగ కనపడుతయ్" అంటూ లోపలికొచ్చి రంగు తగ్గించేవాడు. మళ్లీ గోడ దగ్గరికి. పక్క క్వార్టరు వాళ్లు మా అన్న ఎవరో పిల్లకు సైగలు చేస్తున్నాడని అనుమానపడ్డారు కూడా.

రెండు వేల ఆరు ప్రాంతంలో, జూలైలో, అన్న నాలుగు రోజుల సెలవుకు వచ్చాడు. వచ్చిన దగ్గరి నుంచి ఒకటే వాన. మర్నాడు హాస్టలుకు పోవాలనగా ఆ రోజు అమ్మ పొద్దున్నే పక్క కాలనీలో ఒకళ్ల ఇంట్లో సీమంతానికి పిండివంటలు చేయడానికి పోయింది. నాన్నది సెకండ్ షిఫ్ట్, గని నిండా నీళ్లున్నా హాజరు మస్టరు పడాలి కాబట్టి గొడుగు పట్టుకుని రెండింటికే పోయాడు. బడికి సెలవిచ్చారు. ఇంట్లో మేమిద్దరం. అన్న చద్దరు కప్పుకుని కుర్చీలో ముడుచుకుని కూర్చున్నాడు.

"తల పగిలిపోతుందే. అమ్మకు చెప్పకు. చెప్తే దీన్ని బంద్ చేసి పండబెడ్తది. రేపు పోయేలోపు అడివి ఆటది సెట్ చెయ్యాలె" అన్నాడు. తర్వాత, పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి, మౌస్ నా వైపు జరిపాడు. "నువ్వే పట్టు. నేను చెప్తుంట."

మౌస్ ఇస్తున్నప్పుడు వాడి వేళ్లు నా చేతికి తగిలాయి. కాలిపోతున్నాయి. జ్వరమని నాకు తెలిసింది. ఇక్కడ దాచడానికేమీ లేదు, తెలిసింది. కానీ మౌస్ నా చేతిలో ఉంది. అమ్మకు చెప్తే అది పోతుంది. నోరు మూసుకుని ఆట తెరిచాను.

"బొమ్మ వణుకుతంది" అన్నాడు.

బ్లాస్టింగ్ అప్పుడు మానిటర్ వణకడం మాకు మామూలే, కానీ ఆ రోజు సైరనూ లేదు, బ్లాస్టింగూ లేదు. తెర వైపు కళ్లు చికిలించి చూశాను. బొమ్మ నిశ్చలంగా ఉంది. చెట్టు చెట్టులాగే ఉంది, ఆకు కూడా కదలడం లేదు.

"వణుకుతందా లేదా? కనపడుతలేదా నీకు?"

"అవ్" అన్నాను. "వణుకుతంది."

ఆ రెండు ముక్కల్ని వెనక్కి తీసుకునే వీలుంటే ఏమైనా ఇచ్చేదాన్ని. లేదన్నా, బొమ్మ బాగానే ఉంది, నువ్వే వణుకుతున్నవ్ అని ఉంటే వాడికైనా అర్థమయ్యేది. వాడు తెలివైనవాడు. నేను మాత్రం వాడి ముందు గుడ్డిదాన్ని కాకూడదనుకున్నాను. వాడు చెప్పినట్టల్లా చేశాను. బొమ్మ చిరగకుండా ఆపే సెట్టింగ్ పెట్టాను, నీడలు తీసేశాను, ఆకుల వివరం తగ్గించాను. ఇంకా వణుకుతందన్నాడు. ఆ తర్వాత, "వెలుగు తగ్గియ్యి, కండ్లల్ల గుచ్చుతంది" అన్నాడు. తగ్గించాను. ఇంకా అన్నాడు. మళ్లీ తగ్గించాను. కళ్లు సగం మూసుకుని, కుర్చీ చేతిని గట్టిగా పట్టుకుని, ఇంకా, ఇంకొంచెం అంటూ పోయాడు. చివరికి తెర మీద అడివి ఉందో లేదో నాకు తెలియలేదు.

"ఆఁ. ఇప్పుడు మంచిగుంది. అప్లై కొట్టు."

కొట్టాను. వాడు లేచి మంచం మీద పడుకున్నాడు. సాయంత్రం అమ్మ తడుస్తూ వచ్చి, కొంగులో దాచి తెచ్చిన అరిసె నా చేతిలో పెట్టి, వాడేందే ఇప్పుడు పన్నడు అని అడిగింది. నిద్రొస్తుందట అన్నాను. పెద్ద పని చేసిన అలసటతో ఆ అరిసె తిని నేనూ పడుకున్నాను.

పొద్దున లేపితే అన్న లేవలేదు. కళ్లు తెరిచే ఉన్నాయి, మమ్మల్ని చూడలేదు. నాన్న ఎవరిదో జీపు మాట్లాడుకొచ్చాడు. భద్రాచలం దారిలో వాగు రోడ్డెక్కి పారుతోంది. మధ్యాహ్నం దాకా ఇవతల గట్టునే వాన వింటూ కూర్చున్నాం, వాడి తల అమ్మ ఒళ్లో, కాళ్లు నా ఒళ్లో. దవాఖానాలో రక్తం చూసి, మలేరియా మెదడుకెక్కింది అన్నారు. మర్నాడు పగలే ప్రాణం పోయింది. "ఒక్క పూట ముందు తెచ్చి ఉంటే చూసేవాళ్లం" అన్నాడు డాక్టరు. తిట్టినట్టు కాదు, మామూలుగానే అన్నాడు. ఆ ఒక్క పూట ఎక్కడ పోయిందో అక్కడున్న వాళ్లలో నాకొక్కదానికే తెలుసనుకుని గోడకు ఆనుకుని నిలబడ్డాను.

అదే వారంలో దోమల మందు కొట్టేవాళ్లు మా ఇంటికి వచ్చారు. గోడలన్నిటికీ, మంచం కింద, కుర్చీ కింద కొట్టారు. కంప్యూటర్ మీద అమ్మ దుప్పటి కప్పింది. ఆ వాసన నెల రోజులు ఇంట్లోంచి పోలేదు. అన్నం తింటున్నా అదే, తల దువ్వుకుంటున్నా అదే. స్టూలు మీద కూర్చుంటే పక్క నుంచి కనపడ్డదా అని ఎవరో అడిగినట్టయ్యేది. పగటి పూటే, అమ్మ వాకిట్లో బట్టలు ఉతుకుతున్న చప్పుడు వినపడుతుండగానే.

ఒక మధ్యాహ్నం ఎవరూ చూడకుండా దుప్పటి తీసి ఆటలు తెరిచాను. క్రికెట్ తెరిస్తే మైదానం నిండా ఎండ. కార్ల ఆటలో రోడ్డు దూరం దాకా తళతళలాడింది. అవన్నీ వాడు బాగున్నప్పుడు పెట్టుకున్న వెలుతురు. అడివి ఆట తెరిచాను. తెర నల్లగా ఉంది. చెట్లు లేవు, దారి లేదు, మనిషి లేడు. తెర అద్దంలో నా ముఖం కనపడింది. ఎక్కడి నుంచో కీచురాళ్ల రొద మాత్రం వస్తోంది. వాడికి ఇంత చీకటి చేస్తే తప్ప కళ్ల నొప్పి తగ్గలేదన్నమాట. పదకొండేళ్ల మట్టి బుర్రకు అది అప్పుడెక్కింది. వెలుగు పెంచడానికి నాకు చెయ్యి రాలేదు. ఆ ఒక్క ఆటను అలాగే ఉంచి, అప్పుడప్పుడు తెరిచి, ఆ నల్లటి తెర ముందు కూర్చునేదాన్ని. భయమేసేది. అయినా కూర్చునేదాన్ని, వాడి జబ్బు తెలిసింది దానికీ నాకూ మాత్రమే కాబట్టి.

రెండేళ్లకు కంప్యూటర్ మొరాయిస్తే నాన్న ఎవరినో పిలిపించాడు. నేను బడి నుంచి వచ్చేసరికి పని అయిపోయింది. "అన్ని తుడిచి కొత్తగ పెట్టిన చెల్లె, ఇప్పుడు మస్తు స్పీడు" అన్నాడతను సంతోషంగా. ఆటలన్నీ మళ్లీ ఎక్కించాడు. అన్నిటికీ ఒకే తీరు, ఒకే వెలుగు. అడివి ఆటలో పట్టపగలు, పచ్చటి పచ్చ చెట్లు. ఏం పోయిందని ఏడుస్తున్నానో చెప్పమని నాన్న ఎంత అడిగినా చెప్పలేదు.

ఇప్పుడు మా బాబు ఆట తెరిస్తే కంప్యూటరే అన్నీ కొలుచుకుని తనకు తానే సర్దుకుంటుంది. స్టూలు మీద ఎవరినీ కూర్చోబెట్టుకోనక్కర్లేదు, కనపడ్డదా అని అడగనక్కర్లేదు. మా కాలనీ కూడా లేదు. గని పెరిగి క్వార్టర్లు కూలగొట్టారు, గోడ అవతలి అడివి ఉన్న చోట ఇప్పుడు గనిలోంచి తీసిన మట్టి గుట్ట. ఇప్పచెట్లు ఆ మట్టి కిందనో, ఎక్కడో. నాన్న పోయాక అమ్మ నా దగ్గరే ఉంటోంది.

మొన్న పొగ బండి వచ్చి పోయాక అమ్మ కిటికీలు తెరుస్తూ, "మొహం గట్ల పెట్టినవేందే?" అంది. ఆమె ఎన్నిసార్లు అడిగిందో, నేను ఎన్నిసార్లు తలనొప్పి అన్నానో. ఆ రోజు మాత్రం ఆగలేకపోయాను. "అమ్మా, అన్నకు జ్వరమని నాకు ఎరికే. చెప్పొద్దన్నడు, చెప్పలే" అని మొదలుపెట్టి, మౌస్ సంగతి, వేళ్లు కాలిన సంగతి, వణుకు సంగతి, వెలుగు సంగతి, అరిసె తిని పడుకున్న సంగతి, ఒక్కటీ మిగల్చకుండా చెప్పేశాను. అమ్మ మంచం మీద కూర్చుంది. తన అరచెయ్యి వంక చూసుకుంది.

"పొద్దుగాల్నే నేను చూసిన బిడ్డా. సీమంతానికి పోయే ముందు, వాని నెత్తి మీద చెయ్యి పెట్టి చూసిన. కాలుతుండె. ఆ డబ్బా ముంగట కూసోని కూసోని వేడి చేసిందనుకున్న. సబ్జా నీళ్లు తాగిపిచ్చి పోయిన."

మా ఇళ్లల్లో కన్నుకు కురుపు లేచినా, నోరు పూసినా, ముక్కులోంచి రక్తం కారినా వేడి చేసిందనే అంటారు. సబ్జా నీళ్లతో సరిపెడతారు. చాలాసార్లు సరిపోతుంది కూడా.

"మీ నాయినకు గూడ చెప్పలే" అంది. "ఈ ముచ్చట తెల్వకుండనే ఆయన పోయిండు."

ఇరవై ఏళ్లకు దగ్గరగా, ఎన్నోసార్లు ఒకే కంచం ముందు కూర్చుని, ఆ ఒక్క పూటను ఇద్దరం చెరోవైపు దాచుకుని బతికాం. నాకు దుఃఖం ఆగలేదు. అమ్మ దగ్గరికి జరిగి కొంగుతో నా మొహం తుడిచింది. "నువ్వు చిన్నపిల్లవు. పదకొండేండ్ల పోరికి ఏం తెలుస్తది? నీ తప్పేం లేదు, ఊకో" అంది. ఎంత తొందరగా, ఎంత సులువుగా అనేసిందో.

ఆ తర్వాత నా మొహంలోకి చూసింది. ఇప్పుడు నేను అనాలి. నీ తప్పు కూడా లేదమ్మా అనడానికి నోరు తెరిచాను. ఎందుకు లేదో చెప్పడానికి ఒక్క కారణం కోసం వెతుక్కున్నాను. నేనంటే చిన్నపిల్లను. అమ్మకు అప్పుడు ముప్పై ఎనిమిదేళ్లు.